అన్నయ్య వేసిన నోటు దావా: సంతకం నాదే అయితే వాదించుకునే వీలు లేదా?

ప్రశ్న: గుంటూరు బ్రాడీపేటలో నాన్నగారి 450 గజాల స్థలంలో అన్నయ్య అపార్ట్‌మెంట్ కట్టేలా, నాకు రెండు ఫ్లాట్లు వచ్చేలా వంద రూపాయల స్టాంపు కాగితంపై రాసుకున్నాం. నా వంతు ఖర్చుకు హామీగా 18 లక్షలకు ప్రోనోటు ఇచ్చినట్లు అందులోనే ఉంది. నా చేతికి పైసా రాలేదు. మూడో శ్లాబు దగ్గర పని ఆగిపోయింది. ఇప్పుడు అన్నయ్య ఆ నోటుపై ఆర్డర్ 37 కింద దావా వేశాడు. సమన్లు అంది ఆరు రోజులైంది. సంతకం నాదే కనుక డిక్రీ తప్పదా?

జవాబు: తప్పదనేమీ లేదు, కానీ మీకు మిగిలింది నాలుగు రోజులే. సివిల్ ప్రొసీజర్ కోడ్ 37వ ఆర్డర్ అంటే ప్రోనోటు లాంటి పత్రాలపై త్వరగా తేల్చే దావా పద్ధతి; ఇందులో వాదించుకోవాలంటే కోర్టు అనుమతి కావాలి. దీని కింద వేసిన దావాలో ప్రతివాది సమన్లు అందిన పది రోజుల్లోగా స్వయంగానో వకీలు ద్వారానో హాజరు నమోదు చేసి, నోటీసులు అందుకునే చిరునామా ఇవ్వాలి. లేకుంటే వాది చెప్పినదంతా ఒప్పుకున్నట్లే భావించి కోర్టు డిక్రీ ఇవ్వవచ్చు. హాజరయ్యాక తీర్పు కోరుతూ వాది మరో సమన్లు పంపుతారు. అవి అందిన పది రోజుల్లోగా, వాదించుకోవడానికి అనుమతి కోరుతూ అఫిడవిట్‌తో దరఖాస్తు చేయాలి. ఈ రెండు గడువులనూ ఒకటిగా అనుకుని నష్టపోయినవారు ఉన్నారు. తగిన కారణం చూపితే ఆలస్యాన్ని మన్నించే అధికారం కోర్టుకు ఉన్నా, దాన్ని నమ్ముకుని కూర్చోవద్దు.

మీ బలమంతా ఆ అఫిడవిట్‌లోనే ఉంటుంది. అచ్చు నోటు ఫారంలో 'రొక్కం ముట్టినది' అని ముందే ఉంటుంది, పైగా నోటుకు ప్రతిఫలం ముట్టిందనే నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 118వ సెక్షన్ ముందుగా భావిస్తుంది కాబట్టి, 'డబ్బు అందలేదు' అని ఒక్క ముక్క రాస్తే చాలదు. నోటు తేదీకి అటూ ఇటూ మీ బ్యాంకు స్టేట్‌మెంట్, మేస్త్రీకి, ఇనుముకు మీరు చెల్లించిన బిల్లులు, ఆగిన శ్లాబు ఫొటోలు, మీ ఇద్దరి మధ్య నడిచిన వాట్సాప్ సందేశాలు జతచేయండి. నోటు ఇచ్చినవారికీ తీసుకున్నవారికీ మధ్య వివాదమైతే, దాన్ని ప్రత్యేక ప్రయోజనానికే అప్పగించామని చూపవచ్చని అదే చట్టం 46వ సెక్షన్ చెబుతుంది. వాది మీ అన్నయ్యే కాబట్టి ఆ వాదన మీకు గట్టిగా పనికొస్తుంది. నోటును ఇంకెవరికైనా బదిలీ చేసి ఉంటే పరిస్థితి వేరుగా ఉండేది.

స్టాంపు కాగితం రిజిస్టరు కాలేదు కనుక ఫ్లాట్లపై హక్కు నిరూపణకు అది చాలకపోవచ్చు. అయినా నోటు ఎందుకు పుట్టిందో చూపే పక్క విషయానికి దాన్ని వాడేందుకు రిజిస్ట్రేషన్ చట్టం 49వ సెక్షన్‌లో వీలుంది. స్టాంపు తక్కువైందంటే తేడా, పెనాల్టీ కట్టడానికి సిద్ధపడండి.

గట్టి వాదన ఉంటే షరతులు లేకుండానే అనుమతి ఇవ్వాలని, వాదన సాధ్యమైనదే అయినా నమ్మదగ్గదిగా లేకపోతే డబ్బు జమ చేయమని షరతు పెట్టవచ్చని ఐడీబీఐ ట్రస్టీషిప్ కేసులో 2016లో సుప్రీంకోర్టు చెప్పింది. మీ పత్రాలు ఇలాగే ఉంటే మీది మొదటి రకమేనని నా అభిప్రాయం. అన్నయ్యకు కొంత బాకీ ఉందని మీరే ఒప్పుకుంటే మాత్రం, ఆ మేరకు జమ చేయందే మిగతాదానిపై అనుమతి రాదు. అందుకే అఫిడవిట్‌లోని ప్రతి అంకెనూ వకీలుతో కూర్చుని సరిచూసుకోండి.

ఫ్లాట్ల వాటా, ఆగిన నిర్మాణం గురించి వేరే దావా వేసుకోవాలి. దానికి ఈ వారం తొందర లేదు. ముందు రేపే కోర్టులో హాజరు నమోదు చేయించండి.