పుల్లటి వాసన వేస్తున్న రీళ్ళు

ప్రశ్న: మా తాతగారు సింధియా షిప్‌యార్డులో పనిచేసేవారు. ఆయన 8 ఎం.ఎం. కెమెరాతో తీసిన ఐదారు రీళ్ళు ఈమధ్య అటక మీది రేకు డబ్బాలో దొరికాయి. మూత తీస్తే ఘాటైన పుల్లటి వాసన వస్తోంది. విశాఖ రేవు గురించి తీస్తున్న డాక్యుమెంటరీలో వీటితోపాటు, 1948లో ‘జల ఉష’ నౌక జలప్రవేశం నాటి వార్తాచిత్రం దొరికితే దాన్నీ వాడుకోవాలని ఉంది. ఎలా మొదలుపెట్టమంటారు?
– ఒక పాఠకుడు, మహారాణిపేట, విశాఖపట్నం

జవాబు: ఎంత ఆత్రంగా ఉన్నా ఆ రీళ్ళను ప్రొజెక్టరుకు ఎక్కించకండి. అసిటేట్ ఫిల్ము (ఇలాంటి పాత రీళ్ళకు వాడిన ప్లాస్టిక్ రకం) శిథిలమవుతున్నప్పుడు ఎసిటిక్ ఆమ్లం, అంటే వెనిగర్‌లో ఉండే ఆమ్లమే, వెలువడుతుంది. అది డబ్బాలోనే నిలిచిపోయి మిగిలిన ఫిల్మును మరింత వేగంగా తినేస్తుంది. దీనికి వేడీ, తేమా తోడైతే చాలు, మన ఊళ్ళో ఆ రెండింటికీ కొదవ లేదు. ఇలా పాడైన ఫిల్ము కుంచించుకుపోయి, అంచులు వేగిన అప్పడంలా వంకర తిరుగుతాయి, ఫిల్ము అంచున ఉండే రంధ్రాల మధ్య దూరం ప్రొజెక్టరు పళ్ళకు సరిపోదు. ‘ఒక్కసారి చూద్దాం’ అని నేను మా మేనమామ పెళ్ళి రీలును ఎక్కించి, తాళి కట్టే ఘట్టం దగ్గర జానెడు ఫిల్మును చింపుకున్నాను. రంధ్రాల్లో పళ్ళు దూర్చకుండా రోలర్ల మీద నడిపే స్కానరు ఉన్నవారికే పని అప్పగించండి. ఈలోగా వాసన వస్తున్న రీళ్ళను మంచివాటి నుంచి వేరు చేసి, చల్లని పొడి చోట ఉంచండి.

ఎడిటింగులో ఎక్కువమంది తప్పు చేసేది వేగం దగ్గర. పాత 8 ఎం.ఎం. కెమెరాలు సాధారణంగా సెకనుకు 16 ఫ్రేములు తీసేవి. వాటిని 24 చొప్పున నడిపితే నాలుగు నిమిషాల రీలు మూడు నిమిషాల లోపే అయిపోయి, రేవు కూలీలు హాస్యచిత్రంలోలా పరుగులు తీస్తారు. వెడల్పు తెరను నింపడానికి పైనా కిందా కత్తిరించడం కూడా నాకు నచ్చదు. 4:3 (వెడల్పు, ఎత్తుల నిష్పత్తి) బొమ్మను వెడల్పు తెర 16:9కు కోస్తే ఎత్తులో నాలుగో వంతు పోతుంది, బహుశా ఓడ తెరచాప కొయ్యతోపాటు డాల్ఫిన్స్ నోస్ కొండ శిఖరం కూడా. పక్కన నల్లటి ఖాళీ ఉంటే ఉండనివ్వండి.

వార్తాచిత్రం విషయానికొస్తే, మన చట్టం ప్రకారం సినిమాపై కాపీరైటు విడుదలైన మరుసటి ఏడాది మొదలు 60 ఏళ్ళు ఉంటుంది. అది 1948లోనే విడుదలై ఉంటే 2008తో గడువు తీరింది. అయినా రీలు ఎవరి దగ్గరుందో వారు స్కానింగుకు, ప్రతికి రుసుము అడగవచ్చు. అందులోని సంగీతానికి హక్కులు వేరుగా ఉండవచ్చు కనుక దాన్ని విడిగా విచారించుకోండి. వార్తాచిత్రాలు తీసిన ప్రభుత్వ సంస్థ ఫిల్మ్స్ డివిజన్ 2022లో ఎన్.ఎఫ్.డి.సి. (జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ)లో విలీనమైంది కాబట్టి అక్కడికీ, 1964లో పుణేలో ఏర్పడిన జాతీయ ఫిల్మ్ ఆర్కైవుకీ నౌక పేరు, తేదీలతో రాయండి. నెహ్రూ ఆ నౌకను జలప్రవేశం చేయించింది 1948 మార్చి 14న.

డబ్బా మూత మీద తాతగారి చేతిరాత ఉంటే తుడిచే ముందే ఫొటో తీసుకోండి. ఏ రీలు ఏ ఏటిదో చెప్పే ఆధారం అదొక్కటే కావచ్చు.