పేరు మార్చడానికి పాత కంపెనీని మూసేయక్కర్లేదు

ప్రశ్న: మేం ఇద్దరం అన్నదమ్ములం. 2017లో ఇళ్లు కట్టే పని కోసం రాజమహేంద్రవరంలో ఒక ప్రైవేట్ లిమిటెడ్ కంపెనీ పెట్టాం. పేరులో ‘ఇన్‌ఫ్రా’ అని ఉంది. ఆ పని సాగలేదు. నాలుగేళ్లుగా అదే కంపెనీ మీద పచ్చళ్లు, పొడులు చేసి అమ్ముతున్నాం. కంపెనీ ఏ వ్యాపారం చేస్తుందో చెప్పే మెమోరాండంలో మాత్రం ఇంకా నిర్మాణ పనే ఉంది. బిల్లు మీద పేరు చూసి సూపర్ మార్కెట్ల వాళ్లు నవ్వుతున్నారు. బ్యాంకులో 30 లక్షల క్యాష్ క్రెడిట్ అప్పు ఉంది. అధీకృత మూలధనం (కంపెనీ జారీ చేయగల వాటాల గరిష్ఠ విలువ) 10 లక్షలు. కిందటేడు వార్షిక ఫారాలు వేయలేదు. పాతది మూసేసి కొత్తది పెట్టుకోవడం చవకా, పేరు మార్చుకోవడమా? జీఎస్టీ నంబరు పోతుందా?

జవాబు: పేరు మార్చుకోండి. పేరు మారినా చట్టం దృష్టిలో కంపెనీ అదే మనిషి. అప్పులు, ఒప్పందాలు, కోర్టు కేసులు, పాన్, జీఎస్టీ నంబరు, బ్యాంకు ఖాతా నంబరు అన్నీ అలాగే కొనసాగుతాయి. ఇళ్ల పనిలో వచ్చిన నష్టాలు ఇంకా ఎనిమిదేళ్ల గడువులో ఉంటే, వాటిని సర్దుకునే హక్కు కూడా పోదు. కొత్త కంపెనీ పెడితే ఇవన్నీ సున్నా నుంచి మొదలు. పైగా పాతదాన్ని రిజిస్టర్ నుంచి తీసేయించాలంటే ఎస్‌టీకే-2 ఫారానికే 10,000 రూపాయల ఫీజు. దానికంటే ముందు బ్యాంకు అప్పు మొత్తం తీర్చాలి. సరుకు, యంత్రాలు ఒక కంపెనీ నుంచి ఇంకో కంపెనీకి మార్చడం అమ్మకం కిందకే వస్తుంది, దాని పన్నుల లెక్క వేరే తలనొప్పి. మూడేళ్ల బ్యాలెన్స్ షీట్లు చూపించమని అడిగే బ్యాంకుకు కొత్త కంపెనీ ఏం చూపిస్తుంది?

అసలు పేరు మార్చకుండా జీఎస్టీలో వ్యాపార నామం ఒకటి చేర్చుకుని, బ్రాండు పేరుకు ట్రేడ్‌మార్క్ తీసుకుంటే సరిపోతుందని చాలామందికి చెబుతాను. మీకు మాత్రం చెప్పను. మెమోరాండంలో లేని వ్యాపారం నాలుగేళ్లుగా చేస్తున్నారు, అది ఎలాగూ సరిదిద్దాలి. పేరులో ఒక పరిశ్రమను సూచించే మాట ఉంటే అది మెమోరాండంలోని లక్ష్యాల క్లాజుతో పొసగాలి. ‘ఇన్‌ఫ్రా’ పేరు, పచ్చళ్ల లక్ష్యం రెండూ కుదరవు. కాబట్టి రెండు మార్పులూ ఒకే సమావేశంలో పెట్టుకోండి.

ఇక అసలు ఖర్చు ఎక్కడుందో చూడండి. కంపెనీల (ఇన్‌కార్పొరేషన్) నిబంధనల్లో 29వ నిబంధన ప్రకారం వార్షిక రిటర్నులు, ఆర్థిక నివేదికలు బకాయి ఉన్న కంపెనీకి పేరు మార్పు దొరకదు. ముందు ఏఓసీ-4 (ఆర్థిక నివేదికల ఫారం), ఎంజీటీ-7ఏ (వార్షిక రిటర్ను) వేయాలి. ఆలస్యానికి ఒక్కో ఫారానికి రోజుకు 100 రూపాయలు, దానికి పైపరిమితి లేదు. రెండూ 300 రోజులు ఆలస్యమైతే 60,000 రూపాయలు. పేరు మార్పుకు ప్రభుత్వ ఫీజులన్నీ కలిపినా మీ స్థాయి కంపెనీకి సుమారు మూడున్నర వేలే. అంటే మీ జేబుకు చిల్లు పెడుతున్నది పేరు కాదు, వేయని ఫారాలు. ఈ జవాబు చదివి ‘వచ్చే నెల చూద్దాం’ అనుకుంటే ఆ నెలకు ఇంకో ఆరు వేలు.

రెండోది బ్యాంకు. క్యాష్ క్రెడిట్ మంజూరు పత్రం తీసి షరతులు చదవండి. మెమోరాండం మార్చే ముందు బ్యాంకు రాతపూర్వక సమ్మతి ఉండాలని చాలా పత్రాల్లో రాసి ఉంటుంది. లిమిట్ రెన్యువల్‌కు రెండు నెలలే ఉంటే, రెన్యువల్ అయ్యాకే పేరు పని మొదలుపెట్టండి. పాత పేరుతో ఫైలు, కొత్త పేరుతో సర్టిఫికెట్ ఒకేసారి బ్యాంకు బల్ల మీద పడితే రెండూ కదలవు.

ఇప్పుడు పేరు. డైరెక్టర్ల బోర్డు తీర్మానం చేశాక కంపెనీ వ్యవహారాల శాఖ వెబ్‌సైట్‌లో ‘రన్’ అనే పేరు రిజర్వేషన్ సేవలో 1,000 రూపాయలు కట్టి రెండు పేర్లు ప్రతిపాదించవచ్చు. దాన్ని పరిశీలించేది మానేసర్‌లోని సెంట్రల్ రిజిస్ట్రేషన్ సెంటర్. లోపం చెబితే 15 రోజుల్లోపు ఒక్కసారి సరిచేసి పంపే అవకాశం ఉంటుంది. అదీ పోతే మళ్లీ వెయ్యి కట్టి మొదటికి రావాలి. ఏకవచనం బహువచనం చేసినా, మాటల మధ్య ఖాళీ తీసేసినా, చివర ఊరి పేరో అంకెలో తగిలించినా, ఒకే ఉచ్చారణను వేరే స్పెల్లింగ్‌తో రాసినా, ఇప్పటికే ఉన్న పేరుకు అది వేరే పేరు అనిపించుకోదు. సంఖ్యాశాస్త్రం చూపించుకునే అలవాటుంటే ఆ ఆచార్యుడి దగ్గరికి ‘రన్’ కంటే ముందే వెళ్లండి. పేరు ఆమోదం అయ్యాక ఒక ‘ఏ’ అక్షరం ఎక్కువ కావాలంటే మళ్లీ దరఖాస్తే.

కంపెనీ రిజిస్టర్‌తో పాటు ట్రేడ్‌మార్క్ రిజిస్టర్ కూడా వెతకాలి. పచ్చళ్లకు, పొడులకు 29, 30 తరగతులు చూడండి. కంపెనీల రిజిస్ట్రార్ ఒక పేరును ఆమోదించినంత మాత్రాన దానిపై ట్రేడ్‌మార్క్ హక్కు రాదు. ఎవరి నమోదైన మార్కునో మీ పేరు పోలి ఉంటే, కంపెనీల చట్టం 16వ సెక్షన్ కింద వాళ్లు మూడేళ్ల లోపు కంపెనీ వ్యవహారాల శాఖ రీజినల్ డైరెక్టర్‌కు దరఖాస్తు చేయవచ్చు. పేరు మార్చమని ఆదేశం వస్తే మూడు నెలలే గడువు. అప్పటికీ మార్చకపోతే ప్రభుత్వమే కంపెనీకి పేరు పెడుతుంది: ‘ఓఆర్‌డీఎన్‌సీ’ అనే అక్షరాలు, ఆదేశం ఇచ్చిన సంవత్సరం, వరుస నంబరు, సీఐఎన్ (కంపెనీ గుర్తింపు సంఖ్య). రీజినల్ డైరెక్టర్ ఆదేశం పాటించలేదు అన్నదానికి ఆ అక్షరాలు పొట్టి రూపం. ఆ పేరుతో ఆవకాయ అమ్మి చూడండి!

పేరు ఆమోదం దొరికిన రోజు నుంచి 60 రోజులే అది మీ కోసం ఉంటుంది. ఎక్కువమంది తడబడేది ఇక్కడే. అసాధారణ సర్వసభ్య సమావేశానికి 21 పూర్తి రోజుల నోటీసు ఇవ్వాలి. పంపిన రోజు, సమావేశం రోజు లెక్కలోకి రావు. పోస్టులో పంపితే ఇంకో రెండు రోజులు కలుపుకోండి. మీరు ఇద్దరే వాటాదార్లయితే ఇద్దరూ తక్కువ గడువుకు రాతపూర్వకంగా ఒప్పుకుని వెంటనే సమావేశం పెట్టుకోవచ్చు. ఎక్కువమంది ఉంటే, ఓటు హక్కున్న సభ్యుల్లో మెజారిటీ, చెల్లించిన మూలధనంలో కనీసం 95 శాతం ఉన్నవాళ్లు ఒప్పుకోవాలి. పేరు మార్పు, లక్ష్యాల క్లాజు మార్పు రెండూ ప్రత్యేక తీర్మానాలే. వ్యతిరేక ఓట్లకు కనీసం మూడు రెట్లు అనుకూలంగా పడాలి. అన్నదమ్ములకు చెరి సగం వాటా ఉంటే, ఒకరు కాదంటే పని ఆగినట్టే.

తీర్మానం అయిన 30 రోజుల్లో, దాన్ని రిజిస్ట్రార్‌కు తెలిపే ఎంజీటీ-14 ఫారం వేయాలి. 10 లక్షల మూలధనానికి ఫీజు 400 రూపాయలు. దాని రసీదు నంబరు (ఎస్‌ఆర్‌ఎన్) పేరు మార్పు దరఖాస్తు అయిన ఐఎన్‌సీ-24లో రాయాలి కాబట్టి వరుస తప్పదు: ముందు ఎంజీటీ-14, తర్వాత ఐఎన్‌సీ-24. రెండో దానికి మీ స్థాయి కంపెనీకి ఫీజు 2,000 దాటదు. వెనక్కి వచ్చే దరఖాస్తుల్లో ఎక్కువ భాగం చిన్న పొరపాట్ల వల్లే: తీర్మానంలో పేరు ఒక తీరుగా, ఆమోద పత్రంలో ఇంకో తీరుగా ఉండటం, కొత్త మెమోరాండంలో ఏదో ఒక పేజీలో పాత పేరు మిగిలిపోవడం. ‘ప్రైవేట్ లిమిటెడ్’ సహా అక్షరం అక్షరం సరిపోల్చుకోండి.

ఐఎన్‌సీ-25, అంటే కొత్త సర్టిఫికెట్ ఆఫ్ ఇన్‌కార్పొరేషన్, జారీ అయిన తేదీ నుంచే కొత్త పేరు చెల్లుతుంది. తీర్మానం చేసిన రోజు నుంచి కాదు. అప్పటిదాకా కొత్త పేరుతో ఒక్క బిల్లు కూడా రాయొద్దు. పరిశ్రమ మారుతోంది కాబట్టి 21 అక్షరాల సీఐఎన్‌లో పరిశ్రమ కోడ్ మారవచ్చు. లెటర్‌హెడ్లు అచ్చు వేయించే ముందు అదీ చూసుకోండి. మొత్తం మీద బోర్డు సమావేశం నుంచి సర్టిఫికెట్ దాకా ఆరు నుంచి ఎనిమిది వారాలు పెట్టుకోండి. పండగ అమ్మకాల నెలల్లో పెట్టుకోవద్దు.

సర్టిఫికెట్ వచ్చాక మొదట పాన్. పాన్ వివరాల సవరణ దరఖాస్తుకు ఖర్చు వంద రూపాయల పైచిలుకే, నంబరు మారదు. టాన్‌కు (టీడీఎస్ నంబరు) వేరే దరఖాస్తు. పాన్‌లో పేరు మారకుండా జీఎస్టీకి వెళ్తే పోర్టల్ ఒప్పుకోదు, ఎందుకంటే చట్టబద్ధమైన పేరును అది పాన్ సమాచారంతోనే సరిచూస్తుంది. జీఎస్టీలో ఇది ప్రధాన వివరాల సవరణ, ఆర్‌ఈజీ-14 కింద మార్పు జరిగిన 15 రోజుల్లో వేయాలి. అందుకే సర్టిఫికెట్ వచ్చిన రోజే పాన్ పని మొదలుపెట్టాలి. జీఎస్టీ అధికారికి 15 పని దినాల గడువు ఉంటుంది. జీఎస్టీలో మార్పు అయ్యేలోపు బిల్లు మీద కొత్త పేరు, కింద ‘పూర్వనామం’ అని పాత పేరు వేయండి. కొనేవాళ్ల ఇన్‌పుట్ క్రెడిట్ (కొనేటప్పుడు కట్టిన పన్నును సర్దుకోవడం) నడిచేది జీఎస్టీ నంబరు మీద కాబట్టి వాళ్లు భయపడనక్కర్లేదు. ఆ మాట ఒక ఉత్తరంలో రాసి, ఐఎన్‌సీ-25 ప్రతి జతచేసి సూపర్ మార్కెట్ల అకౌంట్స్ విభాగాలకు పంపండి. లేదంటే వాళ్ల సిస్టంలో సరఫరాదారు పేరు మారక చెల్లింపులు ఆగిపోతాయి.

బ్యాంకుకు బోర్డు తీర్మానం, కొత్త సర్టిఫికెట్, మెమోరాండం, పాన్ ఇవ్వాలి. పాత పేరు మీద వచ్చే చెక్కులను ఎన్నాళ్లు జమ చేస్తారో రాతపూర్వకంగా అడిగి తెలుసుకోండి. యూపీఐ క్యూఆర్, ఉద్యమ్ (చిన్న పరిశ్రమల నమోదు), పీఎఫ్, ఈఎస్‌ఐ, కరెంటు మీటరు ఆ తర్వాత ఒక్కొక్కటిగా.

పేరు మారాక మీకు డబ్బు పోయేది ప్యాకింగ్‌లో. ఎఫ్ఎస్ఎస్ఏఐ (ఆహార భద్రత సంస్థ) లైసెన్సులో పేరు మార్పించాలి, పౌచ్ మీద తయారీదారు పేరూ మారాలి. పేరు ఆమోదానికి వెళ్లిన రోజు నుంచే కొత్త పౌచ్‌ల ఆర్డరు తగ్గించి, ఉన్న నిల్వ సర్టిఫికెట్ వచ్చే నాటికి అడుగంటేలా చూసుకోండి. పౌచ్‌లు అచ్చు వేసే గ్రావ్యూర్ ముద్రణలో ఒక్కో రంగుకు ఒక్కో సిలిండరు ఉంటుంది. తయారీదారు చిరునామా నలుపు రంగులోనే ఉంటే ఆ ఒక్క సిలిండరు మార్పిస్తే చాలు. ప్రింటరు మొత్తం సెట్ మార్చాలంటే ఎందుకో అడగండి.

కంపెనీల చట్టం 12వ సెక్షన్ ప్రకారం రెండేళ్ల పాటు నేమ్ బోర్డు మీద, లెటర్‌హెడ్ మీద, బిల్లు మీద పాత పేరు కూడా ఉండాలి. లేకపోతే రోజుకు 1,000 చొప్పున లక్ష రూపాయల దాకా జరిమానా. బోర్డు ఇంగ్లిష్‌లోనే ఉంటే చాలదు, తెలుగులోనూ రాయించండి. అదీ చట్టంలోనే ఉంది.

ఎల్ఎల్‌పీ (పరిమిత బాధ్యత భాగస్వామ్య సంస్థ) నడుపుతున్నవాళ్లకు దారి చిన్నది: 200 రూపాయలతో పేరు రిజర్వు చేసుకుని, మార్పు చేసిన 30 రోజుల్లో ఫారం-5 వేయడం. పాన్, జీఎస్టీ, బ్యాంకు వరుస మాత్రం పైన చెప్పినట్టే.

మీరు రేపు చేయాల్సింది ఒక్కటే. ఆడిటర్‌కు ఫోన్ చేసి, ఆ రెండు ఫారాల ఆలస్య రుసుము ఈ రోజుకు ఎంతయిందో అడగండి.