డిలే పిటిషన్ రాసే ముందు

చిరంజీవి బుజ్జికి, పెదనాన్న ఆశీస్సులు.

నిన్న ఫోన్లో నువ్వు చెప్పిన ప్రామిసరీ నోటు కేసు గురించి రాత్రి చాలాసేపు ఆలోచించాను. మీ పార్టీ, అంటే నీ క్లయింటు, కోర్టుకి రాకపోవడంతో ఎక్స్‌పార్టీ డిక్రీ అయి ఏడు నెలలు దాటిందని, ఇ.పి.లో (డిక్రీ అమలు కోసం అవతలివాళ్లు వేసిన పిటిషన్‌లో) నోటీసు వచ్చేదాకా ఆయనకి సంగతే తెలియదని అన్నావు. ఆలస్యాన్ని మన్నించమని అడిగే డిలే పిటిషన్‌కి ఆఫీసులో ఉన్న పాత అఫిడవిట్‌లో పేర్లు, తేదీలు మార్చి వేసేద్దామా అని అడిగావు. వద్దమ్మా.

ముందు ఆయన్ని కూర్చోబెట్టి, సమన్లు మీ చేతికి వచ్చాయా అని అడుగు. తర్వాత కోర్టు రికార్డులో అమీనా (సమన్లు అందించే కోర్టు ఉద్యోగి) రిపోర్టు నువ్వే చూడు. సంతకం ఎవరిది, తేదీ ఏమిటి, చివరికి పేపర్లో ప్రకటన వేశారా? ఎక్స్‌పార్టీ డిక్రీని రద్దు చెయ్యమని అడగడానికి లిమిటేషన్ చట్టం (కాలపరిమితి చట్టం) 123వ ఆర్టికల్ కింద గడువు 30 రోజులే. కానీ సమన్లు సరిగ్గా అందకపోతే ఆ 30 రోజులు డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి మొదలవుతాయి. పేపర్ ప్రకటనతో సరిపెట్టిన సర్వీసు సరైన సర్వీసు కాదని ఆ ఆర్టికల్ వివరణలోనే ఉంది. అలాంటప్పుడు నీకు ఆలస్యమే లేకపోవచ్చు. అయినా అదే చట్టం సెక్షన్ 5 పిటిషన్, అంటే డిలే పిటిషన్, కూడా జతచెయ్యి. మనం చెప్పిన తేదీని జడ్జిగారు ఒప్పుకోకపోతే అదే కాపాడుతుంది.

సర్టిఫైడ్ కాపీ వచ్చాక చూద్దామని మాత్రం ఆగకు. అప్పీలుకైతే కాపీకి పట్టిన రోజులు లెక్కలోంచి తీసేస్తారు. ఎక్స్‌పార్టీ డిక్రీ రద్దుకి వేసే 9వ ఆర్డరు 13వ రూలు పిటిషన్‌కి ఆ వెసులుబాటు లేదు.

ఇక ఆలస్యానికి చెప్పే కారణం. నా ప్రాక్టీసు మొదట్లో ఒక రైతుకి పచ్చకామెర్లు వచ్చి మంచం పట్టాడని అఫిడవిట్ రాశాను. ఆ మాట అతను చెప్పలేదు. అందరూ అలాగే రాస్తారు కదా అని నేనే రాశాను. క్రాస్ ఎగ్జామినేషన్‌లో అవతలి ప్లీడరుగారు ఒక రిజిస్టర్డ్ దస్తావేజు నకలు అతని చేతికిచ్చారు. మంచం పట్టానన్న నెలలోనే సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో సాక్షిగా పెట్టిన సంతకం! బోనులో నిలబడి ఆ కాగితం వంక చూశాడు, తర్వాత నా వంక చూశాడు. పిటిషన్ కొట్టేశారు, దాని మీద వేసిన అప్పీలు (సి.ఎం.ఏ.) కూడా నిలబడలేదు. అసలు జరిగింది వేరు. 'మీరు రానక్కర్లేదు, నేను చూసుకుంటాను' అని పాత ప్లీడరు చెబితే నమ్మి ఊరుకున్నాడు. అది రాసి ఉంటే ఆ రైతు పొలం మిగిలేదేమో. ఆ బాధ నాకు ఇప్పటికీ పోలేదు.

1998లో ఎన్. బాలకృష్ణన్ కేసులో సుప్రీంకోర్టు 883 రోజుల ఆలస్యాన్ని మన్నించింది. అక్కడా వకీలు పట్టించుకోకపోవడమే కారణం. ఎన్ని రోజులన్నది ముఖ్యం కాదు, చెప్పిన కారణం నమ్మదగ్గదా కాదా అన్నదే చూడాలంది. అవతలి పక్షం పడ్డ ఇబ్బందికి పదివేలు కట్టమని కూడా చెప్పింది. కాబట్టి మీ పార్టీని కాస్ట్స్‌కి (అవతలివాళ్లకి కట్టాల్సిన ఖర్చులకి) ముందే సిద్ధం చెయ్యి. డబ్బు దావా కనుక డిక్రీ మొత్తంలో కొంత డిపాజిట్ చెయ్యమన్నా ఆశ్చర్యపోకు.

నోటీసు వచ్చిన కవరు పారేయలేదు కదా? దాని మీది పోస్టాఫీసు ముద్రే ఆయనకి ఎప్పుడు తెలిసిందో చెబుతుంది. ఆ రోజు నుంచి నీ దగ్గరికి వచ్చేదాకా ఏం చేశాడో తేదీలవారీగా రాయి. మధ్యలో పదిరోజులు ఊరికే గడిచిపోతే ఆ మాటా దాచకు. రిటన్ స్టేట్‌మెంట్ (దావాకి మీ పార్టీ రాతపూర్వక జవాబు) కూడా తయారుచేసి పిటిషన్‌తోపాటే వెయ్యి, కేసు నడిపే ఉద్దేశం నిజంగానే ఉందని కనబడుతుంది. ఇ.పి. మీద స్టే విడిగా అడగాలి. డిలే పిటిషన్ వేసినంత మాత్రాన జప్తు ఆగదు.

డ్రాఫ్ట్ అయ్యాక ఆయనకి ప్రతి పేరా తెలుగులో చదివి వినిపించు. 'మీరెలా అంటే అలాగే మేడం' అంటే సంతకం తీసుకోకు. జరిగింది ఆయన నోటితోనే మళ్లీ చెప్పించుకుని, రెండూ కలిశాకే పెన్ను ఇవ్వు.

మీ పెదనాన్న