షాట్లు అంత పొడవుగా ఉంటే ఎడిటర్‌కి పనేముంటుంది?

తైవాన్ సినిమాల్లో ఒక్కో షాట్ ఎక్కడా కట్ లేకుండా నిమిషాల తరబడి సాగుతుంది కదా, అక్కడ ఎడిటర్ చేసేదేముంది, అదొక కెరీర్ అవుతుందా అని అడిగారు. హైదరాబాద్‌లో ఎడిటింగ్ అసిస్టెంట్‌గా చేరిన కొత్తలో నాకూ ఇదే సందేహం ఉండేది. అది తీరింది తైవాన్ ఎడిటర్ లియావ్ చింగ్-సుంగ్ పనిచేసిన సినిమాలు చూశాకే.

ఆయన 1973లో తైపేలోని సెంట్రల్ మోషన్ పిక్చర్ కార్పొరేషన్‌లో శిక్షణకు చేరారు. అప్పట్లో అది పాలక పార్టీ కుమింటాంగ్ చేతిలో ఉన్న స్టూడియో. 1982లో అదే స్టూడియో నలుగురు కొత్త దర్శకుల చేత 'ఇన్ అవర్ టైమ్' తీయించింది. దాన్నీ, మరుసటి ఏడాది వచ్చిన 'ది శాండ్‌విచ్ మ్యాన్'నీ ఎడిట్ చేసింది ఈయనే. ఆ తరం దర్శకుల్లో చాలామంది తొలి సినిమాలు ఆయన చేతుల మీదుగా వెళ్లాయి. ఆ దర్శకులు తెచ్చిన కొత్త ఒరవడినే 'తైవాన్ కొత్త సినిమా' అంటారు. అందుకే దాన్ని పెంచిన ఆయా అని ఆయన్ని అంటారు. ఆ పిలుపు నాకు ఎంతో ఇష్టం.

ఇక పని సంగతి. 'ఎ సిటీ ఆఫ్ సాడ్‌నెస్' (1989) చూడండి. వెనిస్ చలనచిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి గోల్డెన్ లయన్ గెలిచిన మొదటి చైనీస్ భాషా సినిమా అది. దర్శకుడు హౌ షియావ్-షియెన్. అందులో ఫొటోగ్రాఫర్ వెన్-చింగ్‌కి వినపడదు, మాట్లాడలేడు. కాగితం మీద రాసి చూపిస్తాడు, ఆ రాత మనకు తెరమీద అక్షరాలుగా వస్తుంది. ఒక సీన్లో స్నేహితులు రాజకీయాలు వాదించుకుంటూ ఉంటే, అతను, తర్వాత అతని భార్య అయ్యే హినోమి పక్కన గ్రామఫోన్ దగ్గర కూర్చుని రాసుకుంటారు. ఆ అక్షరాలు ఎప్పుడు రావాలి, ఎంతసేపు ఉండాలి, తిరిగి ఏ ముఖం దగ్గరికి రావాలి? ఒక్క సెకను అటూ ఇటూ అయినా ఆ ఇద్దరి దగ్గరితనం పోతుంది. చివర్లో భార్యాభర్తలు బిడ్డతో ఫొటో దిగుతారు. తర్వాత హినోమి ఉత్తరం వల్ల తెలుస్తుంది, ఆ ఫొటో దిగిన కొద్ది రోజులకే అతన్ని పట్టుకెళ్లారని. అరెస్టు మనకు చూపించరు. చూపించకుండానే గుండె బరువెక్కించడం నా దృష్టిలో ఎడిటింగ్‌లో అన్నిటికన్నా కష్టమైన పని.

ఇది నాకు ఒక దెబ్బతో అర్థమైంది. ఒక సినిమాలో తండ్రీకొడుకులు అరుగు మీద కూర్చున్న సీన్ ఉంది. రెండు నిమిషాల నలభై సెకన్ల సింగిల్ షాట్. ప్రేక్షకులకు బోర్ కొడుతుందేమోనని టెన్షన్ పడి, నేను మధ్యలో క్లోజప్‌లు వేసి చిన్నది చేశాను. మా సీనియర్ చూసి, "ఎందుకు కోశావమ్మా?" అన్నారు.

"డైలాగులు అయిపోయాయి కదా సార్."

"డైలాగులు అయిపోయాయి. తండ్రి ఇంకా కొడుకు వంకే చూస్తున్నాడు."

షాట్ మళ్లీ మొత్తం పెట్టేశాం. అది ఎక్కడ మొదలవ్వాలి, ఎక్కడ ఆగాలి అన్నది తేల్చడానికే రెండు సాయంత్రాలు పట్టింది.

లియావ్ నెమ్మదైన సినిమాలకే పనికొస్తారనుకోకండి. ఎడ్వర్డ్ యాంగ్ తీసిన 'ది టెర్రరైజర్స్' (1986) కూడా ఆయన ఎడిట్ చేసిందే. ఒక ఆకతాయి ఫోన్ కాల్ ముక్కూ మొహం తెలియని వాళ్ల జీవితాల్ని కలిపేస్తుంది. అక్కడ కట్ చాలా పదునుగా ఉంటుంది. మరోవైపు 'ఫ్లవర్స్ ఆఫ్ షాంఘై' (1998) మొత్తంలో నలభై షాట్లు కూడా లేవు. కట్‌లు అంత తక్కువైతే ఒక్కటి తప్పినా దాచుకునే చోటుండదు.

కెరీర్ అవుతుందా అంటారా? హౌతో లియావ్ ప్రయాణం 1980ల మొదటి నుంచి 'ది అసాసిన్' (2015) దాకా సాగింది. మధ్యలో నిర్మాతగానూ పనిచేశారు, పాఠాలూ చెప్పారు.

వీలైతే 'సిటీ ఆఫ్ సాడ్‌నెస్'లో ఆ ఫొటో సీన్ నుంచి చివరి భోజనాల షాట్ దాకా ఒకసారి సౌండ్ తీసేసి చూడండి. నేను అలా ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు.