వాయిదాకి ఎవరూ వెళ్లలేదని దావా కొట్టేస్తే ఏం చేయాలి?

మీ నాన్నగారి ఇంటిస్థలం దావా పిలిచినప్పుడు మీరూ, లాయరూ లేరని డిఫాల్ట్‌లో కొట్టేశారు, మళ్ళీ కొత్తగా వేసుకోవచ్చా అని అడిగారు. ముందు ఆ రోజు డాకెట్‌లో (వాయిదా రోజు ఏం జరిగిందో కోర్టు రాసుకునే నోటులో) ఏం రాశారో చూడండి. అవతలి వాళ్లు హాజరయ్యారా లేదా అన్నదాని మీదే మీ దారి ఆధారపడుతుంది.

వాళ్ల తరఫునా ఎవరూ రాకపోతే అది సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) ఆర్డర్ 9 రూల్ 3. కొట్టేసిన దావాను మళ్ళీ తెరవమని రూల్ 4 కింద అడగొచ్చు, లిమిటేషన్ (దావా వేయడానికి చట్టం ఇచ్చే గడువు) మిగిలి ఉంటే కొత్త దావా అయినా వేయొచ్చు. ప్రతివాదో ఆయన లాయరో వచ్చి ఉంటే అది రూల్ 8. అప్పుడు అదే కారణం మీద కొత్త దావా కుదరదు, రూల్ 9 కింద తెరిపించుకోవాల్సిందే. నన్నడిగితే మొదటి రకంలోనైనా పాతదాన్నే తెరిపించుకోండి. కొత్తదానికి కోర్టు ఫీజు మళ్ళీ కట్టాలి.

దావా తెరవమనే పిటిషన్‌కి గడువు 30 రోజులు (లిమిటేషన్ చట్టం, ఆర్టికల్ 122). మీకు తెలిసిన రోజు నుంచి కాదు, కొట్టేసిన రోజు నుంచి. సర్టిఫైడ్ కాపీ చేతికొచ్చాక వేద్దామని ఆగి చాలామంది దెబ్బతింటారు. కాపీకి పట్టిన రోజులు అప్పీలుకైతే మినహాయిస్తారు, ఈ పిటిషన్‌కి కాదు. ఆఖరి రోజు కోర్టుకు సెలవైతే తెరిచిన రోజున వేయొచ్చు.

గడువు దాటిందా, అదే చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యం మాఫీ కోరుతూ ఇంకో ఐ.ఎ. (మధ్యంతర దరఖాస్తు) జతచేయాలి. ఆలస్యం ఎన్ని రోజులో లెక్క తప్పకూడదు.

అసలు బలమంతా అఫిడవిట్‌లో ఉంటుంది. "అనివార్య కారణాల వల్ల" అని రాసి వదిలేస్తే నిలబడదు. జ్వరమైతే ఏ తేదీ నుంచి ఏ తేదీ వరకో రాసి డాక్టరు సర్టిఫికెట్ పెట్టండి, ప్రయాణమైతే టికెట్టు పెట్టండి. లాయరు రాకపోవడమే కారణమైతే ఆయన చేత కూడా అఫిడవిట్ వేయించండి. లాయరు తప్పుకి కక్షిదారు నష్టపోకూడదని 1981లో రఫీక్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అలాగని ఏళ్ల తరబడి కేసు సంగతే పట్టించుకోనివాళ్లని అది కాపాడదు.

ఇంజంక్షన్ (అవతలివాళ్లు స్థలం జోలికి రాకుండా కోర్టు ఇచ్చిన ఆపుదల ఉత్తర్వు) ఉండి ఉంటే దావాతోపాటే పోయిందనుకోండి. దాన్నీ పునరుద్ధరించమని విడిగా కోరండి, లేకపోతే ఈలోపు అవతలివాళ్లు గోడ లేపేస్తారు. రూల్ 9 పిటిషన్‌లో వాళ్లకి నోటీసు తప్పనిసరి. ఖర్చులు కట్టాలనే షరతు మీద తెరిస్తే చెప్పిన తేదీలోపు కట్టేయండి, ఒక్కరోజు దాటినా పిటిషన్ పోవచ్చు.

రూల్ 9 పిటిషన్ కొట్టేస్తే ఆర్డర్ 43 కింద సి.ఎం.ఎ. (సివిల్ మిసలేనియస్ అప్పీలు) ఉంది. రూల్ 4ది కొట్టేస్తే అప్పీలు లేదు, హైకోర్టులో రివిజనే (కింది కోర్టు ఉత్తర్వును సరిచూడమని అడిగే పిటిషన్).

చెక్ బౌన్స్ కేసుకి ఇవేవీ వర్తించవు. అక్కడ ఫిర్యాదుదారు రాకపోతే నిందితుణ్ణి నిర్దోషిగా విడుదల చేయొచ్చు, ఆ ఉత్తర్వును అదే మేజిస్ట్రేటు వెనక్కి తీసుకోలేరు, పైకోర్టుకే వెళ్లాలి.