ఇసుక ట్రాక్టరుపై జరిమానా: ఎక్కడ, ఎలా సవాలు చేయాలి?

ప్రశ్న: మాది గోదావరి పరీవాహక ప్రాంతంలోని పల్లె. వాగు నుంచి ఇసుక తెస్తుండగా, వే బిల్లులో (ఇసుక రవాణా అనుమతి పత్రంలో) రాసిన సమయం దాటిపోయిందంటూ అధికారులు మా ట్రాక్టరును ఆపి స్టేషన్‌లో పెట్టించారు. జరిమానా కడితేనే వదులుతామని, లేకపోతే బండి ప్రభుత్వపరం అవుతుందని నోటిమాటగా చెప్పారే తప్ప కాగితమేదీ ఇవ్వలేదు. హైకోర్టుకు వెళ్లవచ్చా?
— ఒక పాఠకుడు

జవాబు: వెళ్లవచ్చు. అయితే ముందుగా, ఏ అధికారి, ఏ నిబంధన కింద, ఎంత మొత్తం, ఏ కారణంతో విధించారో తెలిపే ఉత్తర్వు ఇవ్వాలని అర్జీ పెట్టి, దానికి రసీదు తీసుకోండి. నోటీసు ఇవ్వకుండా, మీ వాదన వినకుండా, కారణాలు రాయకుండా విధించిన జరిమానా సహజ న్యాయసూత్రాలకు విరుద్ధం. ఉత్తర్వు ఇవ్వకపోతే ఆ అర్జీయే మీ రిట్ పిటిషన్‌కు, అంటే అధికారుల చర్యను ప్రశ్నిస్తూ నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్‌కు, ఆధారమవుతుంది.

1957 నాటి గనులు, ఖనిజాల చట్టం కింద ఇసుక చిన్నతరహా ఖనిజం. దాని అక్రమ రవాణాను 4(1ఎ) సెక్షను నిషేధిస్తుంది, 21వ సెక్షను ఐదేళ్ల వరకూ జైలు శిక్షకు వీలు కల్పిస్తుంది. 15, 23సి సెక్షన్ల కింద నిబంధనలు చేసే అధికారం రాష్ట్రాలది. తెలంగాణలో 2015 నాటి ఇసుక నిబంధనలు, ఆంధ్రప్రదేశ్‌లో 1966 నాటి చిన్నతరహా ఖనిజాల రాయితీ నిబంధనలు అలా వచ్చినవే. మీకు వేసిన జరిమానా అలాంటి ఒక నిబంధనలో కనిపించాలి. కనిపించకపోతే దాన్ని వసూలు చేసే హక్కు ఎవరికీ లేదు.

మీ విషయంలో అన్నిటికన్నా బలమైన అంశం బండిని ప్రభుత్వపరం చేస్తామన్న మాట. 21(4) ప్రకారం వాహనాన్ని స్వాధీనం చేసుకోగలిగినవారు ప్రభుత్వం ప్రత్యేకంగా అధికారమిచ్చిన అధికారులే. కనుక ఆ అధికారమిచ్చిన నోటిఫికేషన్‌ను చూపమని అడగండి. ఇక శాశ్వతంగా జప్తు చేయడం, 21(4ఎ) ప్రకారం, ఆ నేరాన్ని విచారణకు స్వీకరించగల న్యాయస్థానం ఉత్తర్వుతోనే సాధ్యం. రాష్ట్ర చట్టమేదైనా విడిగా అధికారమిస్తే తప్ప, తనిఖీకి వచ్చిన అధికారి ఆ నిర్ణయం తీసుకోలేరు. జీవనాధారమైన బండి నెలల తరబడి ఎండకూ వానకూ తుప్పు పట్టడం కూడా శిక్షే, అదీ విచారణ లేని శిక్ష. స్వాధీనం చేసుకున్న వాహనాలను స్టేషన్లలో దీర్ఘకాలం ఉంచరాదని, తగిన హామీపత్రం తీసుకుని విడుదల చేయాలని సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో 2002లోనే సుప్రీంకోర్టు చెప్పింది. కేసు నమోదైతే భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (క్రిమినల్ కేసుల విచారణ విధానాన్ని తెలిపే చట్టం)లోని 497 లేదా 503 సెక్షను కింద, విచారణ దశను బట్టి, మధ్యంతర విడుదల కోరండి.

రాష్ట్ర నిబంధనల్లో అప్పీలు ఉంటే హైకోర్టు సాధారణంగా ముందు అక్కడికి వెళ్లమంటుంది. 23సి(3) వల్ల కేంద్రానికి చేసుకునే రివిజన్‌కు (ఉత్తర్వును తిరిగి పరిశీలించమని కోరడానికి) మాత్రం తావు లేదు. సహజ న్యాయం జరగకపోయినా, అధికార పరిధి లేకపోయినా అప్పీలుతో నిమిత్తం లేకుండా రిట్ విచారించవచ్చని 1998 నాటి సుప్రీంకోర్టు వర్ల్‌పూల్ తీర్పు స్పష్టం చేసింది. అయితే ఆలస్యం నిజంగా ఎందుకు జరిగిందో సాక్షులను పిలిచి తేల్చే చోటు రిట్ కోర్టు కాదు. లోడింగ్ చీటీ, దారిలో పంక్చరైతే దాని రసీదు వంటివి అప్పీలులో పనికొస్తాయి, జాగ్రత్త చేయండి.

ఈ సలహా వే బిల్లు ఉన్నవారికే. అసలు అనుమతే లేకుండా రాత్రిళ్లు వాగు తోడేసేవారి వల్ల చుట్టుపక్కల బోర్లు ఎండి రైతులు నష్టపోతున్నారు. వారిపై కఠినంగా వ్యవహరించాల్సిందేనన్నది నా దృఢమైన అభిప్రాయం.

ప్రశ్న: జరిమానా కట్టేస్తే పోలీసు కేసు పోతుందా?
— మరో పాఠకుడు

జవాబు: పూర్తిగా పోదు. 23ఎ సెక్షను కింద రాజీ (సొమ్ము కట్టి నేరాన్ని ముగించుకోవడం) కుదిరితే గనుల చట్టం కింద ఆ నేరంపై తదుపరి చర్య ఉండదు. కానీ ఇసుక దొంగతనం వేరే నేరమని సుప్రీంకోర్టు 2014లో సంజయ్ కేసులో చెప్పింది. రాజీ ఆ దొంగతనం కేసుకు అడ్డు కాదని 2020లో జయంత్ కేసులో తేల్చింది. తప్పనిసరై డబ్బు కట్టాల్సి వస్తే, అభ్యంతరంతో కడుతున్నట్లు రాసి ఇవ్వండి. రసీదుపై నిబంధన సంఖ్య వేయించుకోండి.