మాటలు తిప్పి రాసే పనికి ఫ్యూచర్ ఉందా?

ప్రశ్న: మాది వైజాగ్ కూర్మన్నపాలెం. మా అమ్మాయి బీకామ్ అయ్యి ఇంట్లోనే ఉంది. ఒక రష్యన్ కోర్సు వాళ్ల యాడ్ మేటర్ని మాటలు మార్చి ఐదారు రకాలుగా రాసిస్తోంది, నెలకి ఐదారు వేలొస్తున్నాయి. ఇదే కెరీర్ అంటోంది, డిజిటల్ మార్కెటింగ్ కోర్సుకి అరవై వేలు కట్టమంటోంది. నేను బ్యాంక్ కోచింగ్ అంటున్నా. మా తోడల్లుడి కూతురు రుషికొండలో సాఫ్ట్‌వేర్ చేస్తోంది. ఏది బెటర్? శాంపిల్స్ పంపుతున్నా.

జవాబు: సార్, ఈ ప్రశ్న నాకు కొత్త కాదు, కోర్సు పేరు మారుతుందంతే. మీ అసలు బాధ ఆ తోడల్లుడి లైన్‌లో ఉంది. డిగ్రీ మొన్నే అయిన పిల్ల, ఏమీ మించిపోలేదు, ముందు మీరు కాస్త కుదుటపడండి.

ఇలా తిప్పి రాయించుకునేది ఎక్కువగా గూగుల్‌లో పైకి రావడానికే. అలాంటి సరుకుని గూగుల్ 2011లో పాండా అప్‌డేట్‌తోనే కిందకి తోసెయ్యడం మొదలెట్టింది, 2024 మార్చిలో ఇంకా టైట్ చేసి, ర్యాంకు కోసం కుప్పలుగా వేసే పేజీలు మనిషి రాసినా ఏఐ రాసినా స్పామే అనేసింది. పైగా చాట్‌జీపీటీ ఈ పని నిమిషంలో చేసిపెడుతుంది. ఆ ఐదారు వేలు ఎక్కువ కాలం రావు, ఈ మాట అమ్మాయికి తిట్టకుండా చెప్పండి.

శాంపిల్స్ చూశాను. ఒరిజినల్‌లో "మూడు నెలల్లో బేసిక్ లెవెల్" అని ఉంది, రెండో దాంట్లో "కొద్ది నెలల్లో మంచి పట్టు", ఐదో దానికి వచ్చేసరికి "స్వల్పకాలంలో అనర్గళంగా". మాటకి మాట పెట్టుకుంటూ పోయింది పాపం, ఈలోపు కోర్సే మారిపోయింది! రష్యన్‌లో ఆరు విభక్తులు, మొదటి మెట్టు ఏ1 పరీక్షకి సుమారు 780 మాటలు రావాలి, మధ్య స్థాయి బీ1కి 2300. అమెరికా ప్రభుత్వం తన దౌత్యవేత్తలకి రష్యన్ నేర్పడానికి 44 వారాలు, 1100 గంటలు లెక్కేస్తుంది. రష్యాకి ఎంబీబీఎస్‌కి కొడుకుని పంపే తండ్రెవరో ఆ ఐదోది చదివి డబ్బు కడతాడు, తీరా ఆ కుర్రాడు అక్కడ వార్డులో పేషెంట్ ఏం చెబుతున్నాడో తెలీక బిక్కమొహం వేస్తాడు.

అరవై వేల కోర్సు మీద నాకు నమ్మకం తక్కువ. గూగుల్ యాడ్స్ లాంటివి గూగులే తన స్కిల్‌షాప్ వెబ్‌సైట్‌లో ఫ్రీగా నేర్పుతోంది. ద్వారకానగర్‌లో ఆ "100% ప్లేస్‌మెంట్" బోర్డులు కూడా మీ అమ్మాయిలాంటి వాళ్లెవరో రాసినవే అయ్యుంటాయి. పోయిన బ్యాచ్‌లో జాబ్ వచ్చిన ముగ్గురి నంబర్లు అడగండి, నసిగితే మెట్లు దిగొచ్చెయ్యండి.

బ్యాంక్ కోచింగ్ మంచిదే, తను రాస్తానంటే. మీ పంతం కోసమైతే ఫీజు దండగ. ఒక మాట అంటాను, ఏమీ అనుకోకండి, ఆ శాంపిల్స్ మీరు చదవకుండానే ఫార్వర్డ్ చేశారు కదా? ఐదోది మీ కంట్లో పడితే నాకు పంపేవారు కాదు. తోడల్లుడి కూతురు ఆఫీసు ఎక్కడో తెలుసు, ఇంట్లో పిల్ల రాసేది ఏంటో తెలీదు! చదవండి, పిల్ల తెలుగు బాగుంది.

ఇప్పటికి తనని ఆ కోర్సు టీచర్‌కి ఫోన్ చెయ్యమనండి: ఏ లెవెల్, మొత్తం ఎన్ని గంటలు, పరీక్ష ఎవరైనా పాసయ్యారా. ఆ జవాబులతో ఒక్కటే యాడ్ రాయాలి. ఆర్కే బీచ్‌లో కుర్సురా సబ్‌మెరైన్ సోవియట్ వాళ్లు కట్టిందే, 1969లో మన నేవీలో చేరింది, అది రోజూ కళ్లముందుండే ఊళ్లో రష్యన్ కోర్సు అమ్మడానికి "అనర్గళం" దేనికండీ? వేరే క్లయింట్లకి కూడా అలాంటివి నాలుగైదు రాసి పెట్టుకుంటే ఏజెన్సీలకి చూపించడానికి పనికొస్తాయి. సాయంత్రాలు బ్యాంక్ పుస్తకాలు తిరగేస్తానంటే తిరగేయనివ్వండి, అరవై వేలు మాత్రం ఇప్పుడే తియ్యకండి.